బొమ్మలోంచి బొమ్మను తీసేసినవాళ్లు

డచ్ చిత్రకారుడు పీట్ మోండ్రియాన్ పుట్టి 150 ఏళ్లయిన సందర్భంగా 2022లో జర్మనీలోని డ్యూసెల్‌డార్ఫ్‌లో ఓ మ్యూజియం ప్రదర్శనకు సిద్ధమవుతోంది. అక్కడి బొమ్మల్లో ‘న్యూయార్క్ సిటీ 1’ ఒకటి. 1941 నాటిది. కాన్వాస్ మీద రంగు పట్టీలు అడ్డంగా, నిలువుగా అతికించి ఉంటాయి, అంతే. క్యూరేటర్ సుసానె మాయర్-బ్యూజర్‌కు ఎందుకో అనుమానం వచ్చింది. ఒక అంచు దగ్గర పట్టీలు బాగా ఒత్తుగా ఉన్నాయి. ఆ అంచు కిందికి ఉంది. పైకి ఉండాలి కదా అనుకుని పాత ఆధారాలు తిరగేస్తే, మోండ్రియాన్ చనిపోయిన కొద్ది రోజులకే అతని స్టూడియోలో తీసిన ఫోటో దొరికింది. ఈజిల్ మీద అదే బొమ్మ, ఒత్తైన అంచు పైకి. అంటే 1945 నుంచి ఆ బొమ్మ తలకిందులుగానే వేలాడుతోందన్నమాట. దాదాపు 77 ఏళ్లు. ఇప్పుడు తిప్పి పెడదామంటే జిగురు ఎండిపోయిన పట్టీలు ఊడిపోతాయని భయం. అందుకని అలాగే ఉంచేశారు.

ఈ వార్త చదివి నవ్వనివాళ్లు తక్కువ. తలేదో తోకేదో తేలని బొమ్మను గొప్పదని ఎలా అంటారు, ఇదంతా పెద్దమనుషులు కూడబలుక్కుని ఆడే నాటకం కాదా అన్న పాత అనుమానానికి అది కొత్త సాక్ష్యం. నాకూ నవ్వొచ్చింది. కానీ ఆ నవ్వు ఆగాక ఒక సంగతి గుర్తొచ్చింది. నైరూప్య చిత్రకళ, అంటే గుర్తుపట్టే వస్తువేదీ లేని బొమ్మల కళ, దాని కథ మొదలయ్యేది కూడా ఇలా దారితప్పి నిలబడిన ఒక బొమ్మతోనే.

వసీలీ కాండిన్‌స్కీ మాస్కోలో న్యాయశాస్త్రం, అర్థశాస్త్రం చదివినవాడు. పిలిచి ఇస్తామన్న అధ్యాపకుడి ఉద్యోగం కాదనుకుని, 1896లో, 30 ఏళ్ల వయసులో, మ్యూనిక్ వెళ్లి బొమ్మలు నేర్చుకోవడానికి కూర్చున్నాడు. ఆ నిర్ణయానికి కాస్త ముందు మాస్కోలో ఫ్రెంచి చిత్రాల ప్రదర్శన ఒకటి చూశాడు. క్లోద్ మోనే వేసిన బొమ్మ ఎదుట నిలబడితే అదేమిటో అర్థం కాలేదు. కేటలాగు చూస్తే గడ్డివామి అని ఉంది. గుర్తుపట్టలేకపోయినందుకు మొదట సిగ్గనిపించింది, చిత్రకారుడికి అంత అస్పష్టంగా వేసే హక్కు లేదనిపించింది. కానీ ఆ బొమ్మ మాత్రం మనసులోంచి పోలేదు.

ఆ తర్వాత మ్యూనిక్ రోజుల్లో ఓ మునిమాపు వేళ తన స్టూడియోలోకి అడుగుపెట్టాడు. గోడకు ఆనించి ఓ అద్భుతమైన చిత్రం వెలిగిపోతూ కనిపించింది. అందులో వస్తువులేమీ లేవు, రంగులూ ఆకారాలే. దగ్గరికి వెళ్లి చూస్తే అది తన బొమ్మే. ఎవరో పక్కకు తిప్పి పెట్టారు. మర్నాడు పగటి వెలుతురులో ఆ అనుభవాన్ని మళ్లీ పట్టుకుందామని చూశాడు. ఎటు తిప్పినా అందులోని వస్తువులు కంటికి తగులుతూనే ఉన్నాయి. నా బొమ్మలకు అడ్డం వస్తున్నది వస్తువులేనని అప్పుడు తెలిసింది, అని తన జ్ఞాపకాల్లో రాసుకున్నాడు. ఈ కథను ఆయన తర్వాత కాస్త నగిషీ చెక్కి చెప్పి ఉండొచ్చు, మతాల పుట్టుక కథల్లా కళా ఉద్యమాలకూ పుట్టుక కథలుంటాయి. అయినా ప్రశ్న నిజమైనదే. వస్తువును తీసేస్తే బొమ్మలో ఏం మిగలాలి?

ఈ ప్రశ్నకు ఒక్కొక్కరూ ఒక్కో జవాబు చెప్పారు. చిక్కంతా అక్కడే ఉంది. మనం ‘నైరూప్యం’ అనో ‘ఆబ్‌స్ట్రాక్ట్’ అనో ఒకే సంచిలో వేసి మూతి కట్టేస్తున్నాం గానీ, లోపల కనీసం మూడు వేర్వేరు పనులున్నాయి. ఎదుట ఉన్న చెట్టునో కొండనో తీసుకుని, ఒక్కొక్క వివరం తగ్గించుకుంటూ పోవడం ఒకటి. అది కాచి వడపోయడం. కంటికి కనిపించనిదేదో నిజంగా ఉందని నమ్మి దానికి రూపం కట్టడం రెండోది. ఏ వస్తువునీ, ఏ నమ్మకాన్నీ ఆనుకోకుండా రంగు, గీత, ఉపరితలం తామే వస్తువులుగా నిలబడేట్టు చేయడం మూడోది. ఒకరి బొమ్మను ఇంకొకరి కొలబద్దతో కొలిస్తే ఎవరూ అర్థం కారు. అందుకే నేను ఏ నైరూప్య చిత్రం ముందు నిలబడ్డా ముందు రెండే అడుగుతాను: ఈ మనిషి ఏం పారేశాడు? ఏం దాచుకున్నాడు?

కాండిన్‌స్కీనే తీసుకోండి. వస్తువును పారేశాడంటారు గానీ అంత తేలిగ్గా ఏమీ పారేయలేదు. 1913 నవంబరులో వేసిన ‘కంపోజిషన్ 7’ రెండు మీటర్ల ఎత్తు, మూడు మీటర్ల వెడల్పు. చూస్తే తుపానులో కొట్టుకుపోతున్న రంగుల సంత. దానికి ముందు వేసుకున్న చిత్తుబొమ్మలు 30 పైచిలుకు. వాటిని వరసగా చూస్తే ప్రళయం, మృతుల పునరుత్థానం లాంటి బైబిలు ఘట్టాల ఆనవాళ్లు కొద్దికొద్దిగా కరిగిపోవడం కనిపిస్తుంది. నెలల తరబడి కసరత్తు చేసి, అసలు చిత్రాన్ని మాత్రం నాలుగు రోజుల్లో ముగించాడు. ఆయన దాచుకున్నది సంగీతం. 1911 జనవరిలో మ్యూనిక్‌లో ఆర్నల్డ్ షూన్‌బెర్గ్ కచేరీ విన్న వెంటనే దాన్ని బొమ్మగా వేశాడు. పాటలో మాట లేకపోయినా స్వరం మనిషిని కదిలిస్తుంది కదా, రంగు మాత్రం ఎందుకు వస్తువు భుజం మీద చెయ్యేసుకుని నడవాలి అన్నది ఆయన వాదం. అదే ఏడాది చివర్లో వచ్చిన ‘కళలో ఆధ్యాత్మికత’ అన్న పుస్తకం ఆ వాదానికి శాస్త్రం లాంటిది. అందులో పసుపు ముందుకు దూకుతుందనీ నీలం లోపలికి వెనక్కి తగ్గుతుందనీ రాసిన భాగాలు ఇప్పటికీ పనికొస్తాయి. మిగతా చాలా భాగం ఉపన్యాసం.

చాలాకాలం పాఠ్యపుస్తకాలు ఈయనకే ‘మొదటివాడు’ అన్న పట్టం కట్టాయి. ఆధారం, 1910 అని తేదీ వేసిన ఓ నీటిరంగు చిత్రం. కానీ దాన్ని నిజానికి 1913 ప్రాంతంలో వేసి, తేదీ తర్వాత రాసుకున్నాడని చాలామంది పరిశోధకుల అభిప్రాయం. ఆ రోజుల్లో తేదీలు వెనక్కి జరుపుకున్నది ఈయనొక్కడే కాదు. ఎవరు ముందు అన్న పందెం చిత్రకారులు బతికుండగానే మొదలైందన్నమాట. ఆ పందెంలో పాల్గొనని ఒకావిడ అప్పటికే చాలా ముందుకు వెళ్లిపోయి ఉంది.

స్టాక్‌హోమ్ అటక మీద

హిల్మా ఆఫ్ క్లింట్ 1862లో పుట్టింది. స్టాక్‌హోమ్‌లోని రాయల్ అకాడమీలో చదివి 1887లో బయటికొచ్చింది. ప్రకృతి దృశ్యాలు, మనుషుల రూపచిత్రాలు, మొక్కల శాస్త్రీయ చిత్రాలు వేసి బతికింది. ఇది పగటి జీవితం. ఇంకో జీవితంలో, 1896 నుంచి మరో నలుగురు స్త్రీలతో కలిసి ‘ఐదుగురు’ అనే బృందంగా కూర్చుని ఆత్మలతో సంభాషించేది. వాళ్లలో ఎవరో ఒకరి చెయ్యి తనంతట తాను గీస్తూ పోయేది. ఓ ఆలయానికి చిత్రాలు వెయ్యమని అట్నుంచి ఆదేశం వచ్చిందని నమ్మి, 1906లో పని మొదలుపెట్టింది. 1915 నాటికి 193 చిత్రాలు పూర్తయ్యాయి.

వాటిలో ‘పది పెద్దవి’ అని పిలిచే వరస 1907 నాటిది. ఒక్కొక్కటి మూడు మీటర్లకు మించిన ఎత్తు. బాల్యం నుంచి ముసలితనం దాకా మనిషి బతుకు వాటిలోని విషయం. నారింజ, లేత ఊదా, గులాబి రంగుల మీద మెలికలు, రేకులు, నత్తగుల్ల చుట్లు, అక్కడక్కడ ఏదో తెలియని భాష అక్షరాలు. పదీ కలిపి రెండు నెలల్లోపే. 1907లో కాండిన్‌స్కీ ఇంకా గుర్రపు రౌతులనూ రష్యన్ జానపద కథలనూ వేస్తున్నాడు.

ఆమె వాటిని ఆధ్యాత్మిక గురువు రుడోల్ఫ్ స్టైనర్‌కు చూపించింది. ఆశించిన ప్రోత్సాహం దొరకలేదు. తను పోయాక 20 ఏళ్ల దాకా ఈ చిత్రాలను బయటికి తేవద్దని రాసిపెట్టి, 1,200కు పైగా బొమ్మలనూ వేల పుటల నోటు పుస్తకాలనూ మేనల్లుడికి వదిలి 1944లో కన్నుమూసింది. 1970లో ఆ కుటుంబం వాటిని స్టాక్‌హోమ్‌లోని ఆధునిక కళా మ్యూజియానికి ఇస్తామంటే వాళ్లు వద్దన్నారు. 1986లో లాస్ ఏంజెలస్‌లో జరిగిన ఒక పెద్ద ప్రదర్శనలో కొన్ని బయటి ప్రపంచానికి కనిపించాయి. అప్పుడూ విమర్శకులు పెద్దగా పట్టించుకోలేదు. 2012 చివర్లో న్యూయార్క్ మోడరన్ ఆర్ట్ మ్యూజియం ‘నైరూప్యాన్ని కనిపెట్టడం’ అన్న పేరుతోనే ఓ ప్రదర్శన పెట్టింది, అందులో ఆమె లేదు. మరుసటి ఏడాదే, అప్పట్లో వద్దన్న స్టాక్‌హోమ్ మ్యూజియం ఆమె చిత్రాలతో భారీ ప్రదర్శన చేసింది. 2018లో న్యూయార్క్‌లోని గుగ్గెన్‌హైమ్ మ్యూజియంలో పెడితే చూడ్డానికి 6 లక్షల మందికి పైగా వచ్చారు. గుగ్గెన్‌హైమ్ భవనం లోపల మెలి తిరుగుతూ పైకి వెళ్లే దారి ఉంటుంది. ఆమె తన నోటు పుస్తకాల్లో ఊహించుకున్న ఆలయం కూడా చుట్లు తిరుగుతూ పైకి వెళ్లేదే.

మరి మొదటి నైరూప్య చిత్రకారిణి ఆమేనా? ఇక్కడ నాకు కాస్త ఇబ్బందిగానే ఉంటుంది. ఆమె దృష్టిలో అవి దేన్నీ చూపించని బొమ్మలు కావు. ఆత్మల లోకాన్ని ఉన్నది ఉన్నట్టు దించుతున్నానని అనుకుంది. ఒక రకంగా అవి పటాలు, భూగోళశాస్త్రంలో గీసే పటాల్లాంటివి. ఆ లెక్కన ఆమె నైరూప్యం కాదని కొట్టిపారేస్తే, అదే వేటు కాండిన్‌స్కీ మీద, మోండ్రియాన్ మీద కూడా పడాలి. ఆ తరం వాళ్లంతా కనిపించని లోకాలను నమ్మే దివ్యజ్ఞాన సమాజం (థియోసాఫికల్ సొసైటీ) పుస్తకాలు చదివినవాళ్లే. మోండ్రియాన్ 1909లో అందులో సభ్యుడుగా చేరాడు. అనీ బిసెంట్, లెడ్‌బీటర్ కలిసి రాసిన ఒక పుస్తకంలో కోపం, భక్తి, ప్రేమ ఏ ఏ రంగుల్లో ఏ ఏ ఆకారాల్లో ఉంటాయో బొమ్మలు వేసి మరీ చూపించారు. కంటికి కనిపించనిది నిజమేనని ఎక్స్ కిరణాలు 1895లో భౌతికశాస్త్రం తరఫున కూడా సాక్ష్యం చెప్పాయి. ఆ గాలిలో కనిపించని లోకం అన్నది మూఢనమ్మకంలా కాదు, రేపటి విజ్ఞానంలా వినిపించేది. తర్వాతి తరం విమర్శకులకు ఆత్మల గొడవ నామోషీ అయింది. మగవాళ్ల విషయంలో దాన్ని ‘ప్రభావం’ అని ఒక వాక్యంలో దాటేశారు. హిల్మా విషయంలో మాత్రం అదే అనర్హత అయింది.

నా మటుకు నాకు ‘మొదటివారెవరు’ అన్నది తప్పుడు ప్రశ్న. 1912లో ప్యారిస్‌లో ఫ్రాంతిషెక్ కుప్కా వస్తువు లేని చిత్రాలను బహిరంగంగా ప్రదర్శించాడు. రాబర్ట్ డెలోనే రంగు చక్రాలు వేశాడు. 1911లో సోనియా డెలోనే పసిబిడ్డ కోసం గుడ్డ పేలికలతో బొంత కుట్టి, అది క్యూబిస్టు బొమ్మలా, వస్తువును ముక్కలుగా విడగొట్టి వేసిన బొమ్మలా, ఉందే అనుకుంది. అమెరికాలో ఆర్థర్ డవ్ ఎవరితో సంబంధం లేకుండా తన దారిన తను వేస్తున్నాడు. ఒకే వానకు నాలుగు చోట్ల మొలిచిన మొలకలవి.

మూలన పెట్టిన నల్ల చదరం

1915 డిసెంబరు. రష్యాలోని పెట్రోగ్రాడ్‌లో (ఇప్పటి సెయింట్ పీటర్స్‌బర్గ్) ‘0,10’ అనే వింత పేరుతో ప్రదర్శన. కాజిమిర్ మాలెవిచ్ తన గదిలో దాదాపు 40 చిత్రాలు పెట్టాడు. వాటిలో ఒకదాన్ని రెండు గోడలు కలిసే చోట, పైకప్పు కింద, మూలన వేలాడదీశాడు. తెల్లటి అంచు మధ్య ఓ నల్ల చదరం. పక్కకు 79.5 సెంటీమీటర్లు, నిలువుకు అంతే. రష్యన్ ఇళ్లలో ఆ మూల దేవుడి పటానిది. అది తెలిసిన వాళ్లకు ఆ రోజు కలిగిన అదురు మనకు ఫోటోలో కలగదు. బొమ్మలో సగం ఆ చదరంలో ఉంటే మిగతా సగం దాన్ని పెట్టిన చోటులో ఉంది.

“ఇది ఎవరైనా వెయ్యగలరు” అన్న మాట ఎక్కువగా వినిపించేది ఈ చిత్రం దగ్గరే. వెయ్యగలరు, కాదనను. నాలుగు గీతలు, కాస్త నలుపు. కానీ చిత్రం చేసిన పని చేతిపని కాదు. అంతకుముందు వేల ఏళ్లుగా బొమ్మ అంటే ఒక కిటికీ, దాంట్లోంచి ఏదో కనిపించాలి. మాలెవిచ్ ఆ కిటికీ మూసేశాడు. మూసిన తలుపును చూడమన్నాడు. ఆయన ‘రూపాల సున్నా’ అన్నది ఇదే. ఇంత తెగించినవాడు కూడా తర్వాత దాని మీద 1913 అని పాత తేదీయే వేసుకున్నాడు. ఆ ఏడాది ‘సూర్యుడి మీద విజయం’ అనే నాటకానికి వేసిన రంగస్థలం తెరల్లో ఆ ఆలోచన పుట్టిందని ఆయన లెక్క.

దగ్గరగా చూస్తే అది పూర్తి నలుపూ కాదు, కచ్చితమైన చదరమూ కాదు. కాలం గడిచేకొద్దీ పైపూత పగిలి, పగుళ్లలోంచి రంగులు తొంగిచూస్తున్నాయి. 2015లో మాస్కోలోని ట్రెత్యాకోవ్ గ్యాలరీ నిపుణులు పరీక్షించి, అడుగున ఒకటి కాదు, రెండు రంగుల చిత్రాలున్నాయని తేల్చారు. అంటే ఆయన ఖాళీ కాన్వాస్ మీద నల్ల చదరం వెయ్యలేదు. తను వేసిన బొమ్మలనే దాని కింద పూడ్చిపెట్టాడు. ఇది తెలిశాక నాకు ఆ చిత్రం పూర్తిగా మారిపోయింది. అప్పటిదాకా అదొక సిద్ధాంతంలా ఉండేది.

1918లో తెలుపు మీద తెలుపు చదరం వేశాడు. ఇక ముందుకు దారి లేదు. రాజ్యం కూడా దారి మూసింది. సోవియట్ ప్రభుత్వానికి శ్రామికుడికి అర్థమయ్యే బొమ్మ కావాల్సి వచ్చింది. 1930లో మాలెవిచ్‌ను పట్టుకెళ్లి ప్రశ్నించారు. చివరి ఏళ్లలో మళ్లీ మనుషుల బొమ్మలు వేశాడు, కొన్నింటికి ముఖాలు ఉండవు. 1933 నాటి స్వీయచిత్రంలో పాత ఇటలీ దొరల వేషంలో నిలబడి, సంతకం చేయాల్సిన మూలన చిన్న నల్ల చదరం పెట్టాడు. 1935లో చనిపోతే దేహాన్ని ఆ నల్ల చదరం కిందే ఉంచారు. ఆ తర్వాత చాలా దశాబ్దాలు ఆ చిత్రం గోదాంలోనే మగ్గింది. ఇంకోపక్క 1937లో నాజీలు మ్యూనిక్‌లో ‘చెడిపోయిన కళ’ అని ఎగతాళి ప్రదర్శన పెట్టి, అందులో కాండిన్‌స్కీనీ మోండ్రియాన్‌నీ వేలాడదీశారు. ఒకరంటే ఒకరికి పడని రెండు రాజ్యాలకు ఈ ఒక్క విషయంలో ఏకాభిప్రాయం కుదిరింది.

చెట్టు నుంచి గడుల దాకా

నైరూప్యం ఎక్కడా అర్థం కావడం లేదు అనేవాళ్లకు నేను మోండ్రియాన్ చెట్లు చూడమంటాను. మూడు చెట్లు చాలు. 1908లో మొదలుపెట్టిన ఎర్ర చెట్టు, 1911 నాటి బూడిదరంగు చెట్టు, 1912 నాటి పూచిన ఆపిల్ చెట్టు. మూడూ హేగ్‌లోని మ్యూజియంలోనే ఉన్నాయి. మొదటిదాంట్లో కొమ్మలు మంటల్లా ఉన్నా చెట్టు చెట్టే. రెండోదాంట్లో కొమ్మల మధ్య ఖాళీలు కూడా కొమ్మలంత గట్టిపడ్డాయి. మూడోదాంట్లో కొన్ని వంపు గీతలే మిగిలాయి, పేరు చదవకపోతే చెట్టని చెప్పలేం. ఇంకో పదేళ్లకు వంపు కూడా పోయింది. నిలువు, అడ్డం, మూడు రంగులు, తెలుపు, నలుపు, బూడిద. కాచి వడపోయడం అంటే ఇది. ప్యారిస్ వెళ్లిన కొత్తలో తన ఇంటిపేరులోని రెండు ‘ఎ’ అక్షరాల్లో ఒకటి తీసేశాడు. ఎంత తగ్గించగలిగితే అంత మేలు అన్న గుణం మనిషిలోనే ఉందేమో.

ఏటవాలు గీతను ఆయన ఒప్పుకోలేదు. 1917లో కలిసి ‘డి స్టైల్’ పత్రిక మొదలుపెట్టిన మిత్రుడు తియో వాన్ డూస్‌బెర్గ్ ఏటవాలు గీతలు వెయ్యడం మొదలుపెడితే ఆ ఉద్యమం నుంచే బయటికొచ్చేశాడు. గీత వంగినందుకు స్నేహం తెగడం వింతే. అయితే ఆయన పట్టుదలలో ఓ తర్కం ఉంది. నిలువూ అడ్డమూ కలిసే చోట ప్రపంచంలోని సమస్త విరోధాలూ సమతూకానికి వస్తాయని ఆయన నమ్మకం. ఏటవాలు గీత ఆ తూకాన్ని ఒరగదోస్తుంది.

పుస్తకాల్లో, బట్టల మీద, సంచుల మీద అచ్చైన మోండ్రియాన్‌ను చూసి ఇది స్కేలు పెట్టి గీసిన డిజైను అనుకుంటాం. అసలు చిత్రంలో తెలుపు ఒకే తెలుపు కాదు. ఒక గడిలో కుంచె అడ్డంగా నడిచింది, పక్క గడిలో నిలువుగా. కొన్ని నల్ల గీతలు అంచుకు చేరకముందే ఆగిపోతాయి. గీత స్థానం కోసం వారాల తరబడి చెరిపి వేసిన జాడలు కనిపిస్తాయి. యుద్ధం తరిమితే 1940లో న్యూయార్క్ చేరాడు, రంగు పట్టీలు అతికించి అటూ ఇటూ జరుపుతూ పని చేసే పద్ధతి అక్కడ పట్టుకున్నాడు. ‘బ్రాడ్‌వే బూగీ వూగీ’లో నల్ల గీతలు పూర్తిగా మాయమై, పసుపు దారుల మీద చిన్న చిన్న ఎర్ర, నీలం గడులు గంతులేస్తుంటాయి. 70 దాటిన మనిషి జాజ్ విని వేసిన బొమ్మ అది. 1944 ఫిబ్రవరిలో పోయాడు. అదే ఏడాది అక్టోబరులో హిల్మా, డిసెంబరులో కాండిన్‌స్కీ.

తలకిందుల బొమ్మ సంగతికి వస్తే: నవ్వినవాళ్లు ఒకటి మరిచిపోయారు. తప్పును పట్టుకున్నది కూడా బొమ్మను చూసి అనుమానపడిన కన్నే. ఫోటో ఆ తర్వాత వచ్చింది. దిక్కు లేని బొమ్మ అయితే ఆ అనుమానమే పుట్టదు.

నేల మీద కాన్వాస్

యుద్ధం తర్వాత కేంద్రం ప్యారిస్ నుంచి న్యూయార్క్‌కు మారింది. ఈ ఘట్టం గురించి అందరికీ ఎంతో కొంత తెలుసు, ముఖ్యంగా జాక్సన్ పొలాక్ గురించి. కాన్వాస్‌ను గోడ నుంచి దించి నేల మీద పరిచాడు, ఇంటికి వేసే ఎనామిల్ రంగు డబ్బా పట్టుకుని చుట్టూ తిరుగుతూ పుల్లతోనో గట్టిపడిన కుంచెతోనో ధార పోశాడు. ఈ పద్ధతిలో ముఖ్యమైన పనంతా 1947 నుంచి 1950 దాకా నాలుగేళ్లలోనే. వాటిలో ‘ఆటమ్ రిథమ్’ అనే చిత్రం ఐదు మీటర్లకు పైగా పొడవు. అంతకుముందే ఉక్రెయిన్‌లో పుట్టి అమెరికా వచ్చిన జానెట్ సోబెల్ అనే గృహిణి, ఎక్కడా బొమ్మలు నేర్చుకోకుండానే, ధారలు పోసి కాన్వాస్ అంతా నింపింది. పొలాక్ వాటిని చూశాడని విమర్శకుడు క్లెమెంట్ గ్రీన్‌బెర్గ్ తనే రాశాడు. ఆ తర్వాత చాలాకాలం ఆమె పేరు ఎవరూ ఎత్తలేదు.

రంగు చల్లడం ఎవరికైనా వచ్చు కదా? తేనెను పైనుంచి సన్నగా ధార కట్టి పోయండి. కిందికి చేరేసరికి అది సుళ్లు చుట్టుకుంటుంది. చిక్కటి రంగూ అంతే. 2019లో బ్రౌన్ విశ్వవిద్యాలయం పరిశోధకులు పొలాక్ పని చేస్తున్న పాత ఫిల్ములను పరిశీలించి, చెయ్యి ఎంత ఎత్తున, ఎంత వేగంతో కదిలితే ఆ సుళ్లు పడవో సరిగ్గా అలాగే కదిలాడని తేల్చారు. అందుకే ఆయన గీతలు అంత పొడవుగా, తెగకుండా సాగాయి. ఇంకో పరీక్ష 2011 నాటిది. చిత్రకారుల నైరూప్య చిత్రాలనూ, పిల్లలో జంతువులో వేసిన వాటినీ పక్కపక్కన పెట్టి, పేర్లు చెప్పకుండా విద్యార్థులకు చూపించారు. ఊరికే గుడ్డిగా చెబితే వచ్చేదానికంటే స్పష్టంగా ఎక్కువసార్లు వాళ్లు చిత్రకారుడి పనినే మెరుగైనదిగా ఎంచారు. అన్నిసార్లూ కాదు. ఆ మిగతా సార్లు కూడా నిజమే, దాచాల్సిన పని లేదు.

ఇదంతా అమెరికా గూఢచారి సంస్థ సి.ఐ.ఎ. పెంచిన కళ అన్న మాట కూడా తరచూ వినిపిస్తుంది. సగం నిజం ఉన్న మాట కాబట్టే అది చావదు. సోవియట్‌లతో సాంస్కృతిక పోరు కోసం 1950లో మొదలైన ఒక అంతర్జాతీయ సంస్థకు సి.ఐ.ఎ. డబ్బు రహస్యంగా అందిందని 1966, 67లలో బయటపడింది. 1958, 59లలో అమెరికా నైరూప్య చిత్రాలు యూరప్ నగరాలు తిరిగాయి, స్వేచ్ఛకు గుర్తుగా వాటిని చూపించుకోవడం ఆ కాలపు రాజకీయాలకు బాగా ఉపయోగపడింది. ఇంతవరకూ నిజం. కానీ ఆ చిత్రకారుల్లో చాలామంది వామపక్షం వైపు మొగ్గినవాళ్లు, వాళ్లకు ఈ సంగతి తెలుసనడానికి ఆధారం లేదు. పైగా 1947లో అమెరికా విదేశాంగ శాఖ ఆధునిక చిత్రాల ప్రదర్శన ఒకటి విదేశాలకు పంపితే, పన్ను డబ్బు తగలేస్తున్నారని సొంత దేశంలోనే గోల చేసి దాన్ని వెనక్కి రప్పించారు. ఆ కళను పుట్టించింది ప్రభుత్వం కాదు, పుట్టాక వాడుకుంది. ఈ రెండింటికీ తేడా ఉంది.

మార్క్ రోత్కో దగ్గర నేను కాస్త ఎక్కువసేపు నిలబడతాను. ఇప్పటి లాట్వియాలో 1903లో పుట్టిన యూదుల బిడ్డ, పదేళ్ల వయసులో అమెరికా వచ్చాడు. 1949 ప్రాంతం నుంచి ఆయన బొమ్మల్లో ఉన్నది దాదాపు ఒకటే: పెద్ద కాన్వాస్, దాని మీద రెండో మూడో రంగు దిమ్మెలు, అంచులు పొగలా. తనను నైరూప్య చిత్రకారుడంటే ఒప్పుకునేవాడు కాదు. రంగులూ ఆకారాలూ వాటి సంబంధాలూ తనకు పట్టవనీ, విషాదం, పారవశ్యం, వినాశం లాంటి మానవ అనుభూతులే తన విషయమనీ చెప్పాడు. అర మీటరు దూరంలోపే నిలబడి చూడమనేవాడు. ఫోన్ తెరలో రోత్కో చచ్చిపోతాడు. ఎదుట నిలబడితే పల్చటి పొరల మీద పొరలుగా వేసిన రంగు కన్ను అలవాటు పడేకొద్దీ ఊపిరి తీసుకుంటున్నట్టు కదులుతుంది. ఆయన పారేసింది కథను, దాచుకున్నది ఆ కథ మిగిల్చే బరువును.

1958లో న్యూయార్క్‌లోని సీగ్రమ్ భవనంలో ఓ ఖరీదైన రెస్టారెంటుకు గోడ చిత్రాలు వెయ్యడానికి ఒప్పుకున్నాడు. ముదురు ఎరుపు, నలుపుల్లో ఒకటి తర్వాత ఒకటి వేశాడు. ఒక రోజు భార్యతో వెళ్లి అక్కడ భోజనం చేసి వచ్చాక, డబ్బు వెనక్కి ఇచ్చేశాడు. ఆ వరసలో తొమ్మిది చిత్రాలను లండన్‌లోని టేట్ గ్యాలరీకి ఇచ్చాడు. అవి లండన్ చేరిన రోజు 1970 ఫిబ్రవరి 25. ఆ రోజే ఆయన తన స్టూడియోలో ప్రాణం తీసుకుని కనిపించాడు. హ్యూస్టన్‌లో ప్రార్థనా మందిరం కోసం వేసిన 14 చిత్రాలు మరుసటి ఏడాది గోడలెక్కాయి. వాటిలో చాలావరకు నలుపే, నలుపులో ఊదా.

ఇదే తరంలో చిన్నది హెలెన్ ఫ్రాంకెన్‌థాలర్. 1952లో, 23 ఏళ్లకు, రంగును టర్పెంటైన్‌తో నీళ్లలా పలచన చేసి పూత పూయని కాన్వాస్ మీద పోసింది. పొలాక్ రంగు బట్ట మీద కూర్చుంటే ఈమె రంగు బట్టలోకి ఇంకింది. మరుసటి ఏడాది వాషింగ్టన్ నుంచి మోరిస్ లూయిస్, కెనెత్ నోలండ్ అనే చిత్రకారులు వచ్చి ఆ ఒక్క చిత్రం చూసి, తిరిగి వెళ్లి తమ పద్ధతే మార్చుకున్నారు.

అరవనివాళ్లు

పొలాక్ గురించి సినిమాలొచ్చాయి. గొంతు పెంచనివాళ్ల వంతు వచ్చేసరికి చాలా ఆలస్యమైంది. ఆగ్నెస్ మార్టిన్ ఆరడుగుల చదరం కాన్వాస్ మీద పెన్సిల్‌తో గడులు గీసింది, దూరం నుంచి చూస్తే పొగమంచు, దగ్గరికెళితే ఒక్కో గీతలో చెయ్యి వణికిన జాడ. 1967లో న్యూయార్క్‌నూ బొమ్మలనూ ఒకేసారి వదిలి వెళ్లిపోయి, న్యూ మెక్సికోలో తన చేతుల్తో మట్టి ఇల్లు కట్టుకుని, కొన్నేళ్లకు మళ్లీ కుంచె పట్టింది.

1924లో నాగపూర్‌లో పుట్టిన వాసుదేవ్ గైతోండే బొంబాయి జె.జె. స్కూల్లో చదివాడు. ‘ఆబ్‌స్ట్రాక్ట్’ అన్న మాట ఆయనకూ నచ్చలేదు, నావి వస్తువు లేని చిత్రాలు అనేవాడు. అవి ఒకటే అనిపించొచ్చు గానీ, మొదట చెప్పిన మూడు పనుల్లో ఆయన కోరుకున్నది మూడోదని ఆ పట్టుదల చెబుతుంది. రోలర్‌తో, చాకుతో రంగు పరుస్తూ, గీకుతూ, ఏడాదికి ఐదారు చిత్రాలకు మించి వేసేవాడు కాదు. మిగతా కాలమంతా ఊరికే కూర్చోవడమే పని అనుకున్నాడు. జెన్ బౌద్ధం చదివిన ప్రభావం అది. ఆయన పోయిన 13 ఏళ్లకు, 2014లో, గుగ్గెన్‌హైమ్ ఆయన చిత్రాలతో పూర్తి ప్రదర్శన చేసింది.

ఇక నస్రీన్ మొహమ్మదీ. 1937లో కరాచీలో పుట్టి, బరోడాలో పాఠాలు చెప్పి, 1990లో పోయింది. తెల్ల కాగితం, ఇంజనీర్లు వాడే గీత పరికరాలు, సిరా, పెన్సిల్. రంగు లేదు. ఆమె దగ్గర మోండ్రియాన్ కాదన్న ఏటవాలు గీతకే మొదటి స్థానం: నేలను తాకకుండా కాగితం అంచు నుంచి అంచుకు జారిపోయే, కొసకు వెళ్లేకొద్దీ సన్నబడి గాలిలో కలిసిపోయే గీతలు. చివరి ఏళ్లలో నరాల జబ్బు చేతుల మీద పట్టు తప్పిస్తూ వచ్చింది, గీతల కచ్చితత్వం మాత్రం పెరుగుతూ పోయింది. ఆమె చిత్రాల్లో చాలావాటికి పేరు లేదు, తేదీ కూడా వేయలేదు.